పేరు ఎవరు పెట్టారు?

వాక్యభాగం: ఆదికాండము 11:1–9, 12:1–3



ఆదికాండం పదకొండో అధ్యాయం, పన్నెండో అధ్యాయం మన బైబిళ్ళలో పక్కపక్కనే ఉంటాయి. ఈ వారం రెండూ కలిపి ఒకేసారి చదవండి. పదకొండులో షీనారు మైదానానికి చేరిన మనుషులు ఇటుకలు కాల్చి, ఒక పట్టణాన్నీ ఆకాశాన్నంటే గోపురాన్నీ కట్టడం మొదలుపెట్టారు. ఎందుకంటే తమకు ఒక పేరు సంపాదించుకోవాలని. పన్నెండులో దేవుడు అబ్రాము అనే ఒక మనిషిని పిలిచి, సొంత దేశాన్నీ బంధువులనూ తండ్రి ఇంటినీ విడిచి రమ్మన్నాడు. అతని పేరును తానే గొప్ప చేస్తానని మాట ఇచ్చాడు. రెండు చోట్లా సంగతి పేరు గురించే. ఒకచోట మనిషి పేరు చేసుకుంటున్నాడు. మరొకచోట దేవుడు పేరు ఇస్తున్నాడు.

ఇంకొక సంగతి గమనించండి. పేరు కోసం గోపురం కట్టినవాళ్ళలో ఒక్కరి పేరైనా అక్కడ రాసి లేదు. మేస్త్రీ ఎవరో, ఇటుకలు కాల్చినవాడెవరో, ఆ ఆలోచన మొదట ఎవరికి పుట్టిందో మనకు తెలియదు. మిగిలింది ఊరి పేరొక్కటే. అది కూడా వాళ్ళు కోరుకున్న పేరు కాదు. బాబెలు, అంటే తారుమారు. ఈ రెండు సంగతుల మధ్య మనం సాధారణంగా చదవకుండా దాటిపోయే ఒక వంశావళి ఉంది. అది షేము వంశావళి. హెబ్రీ భాషలో 'షేము' అంటే 'పేరు' అనే అర్థం. పేరు కావాలన్నవాళ్ళ పేర్లు లేవు. 'పేరు' అనే పేరున్న మనిషి సంతానం పేర్లు మాత్రం వరుసగా ఉన్నాయి. ఆ వరుస చివర నిలబడ్డవాడు అబ్రాము.

ఈ సత్యాన్ని ధ్యానించడానికి మనం ఉంటున్న ఈ అమెరికాలో జరిగిన ఒక సంగతిని మీ ముందు పెడతాను. అది వీడియో గేములు తయారుచేసే ఒక బృందం కథ. "గేముల గురించి ప్రసంగమా?" అని పెద్దలు అనుకోవద్దు. మన ఇళ్ళలో పిల్లలు ఆడేవి అవే. మన యౌవనస్థుల్లో కొందరు పనిచేస్తున్నదీ, చేయాలనుకుంటున్నదీ అలాంటి చోట్లే. పైగా ఇది గేముల కథ కంటే ఎక్కువగా పేర్ల కథ.

ఒకే బృందం, మూడు బోర్డులు

2000లో మేరీలాండ్ రాష్ట్రంలో బ్రయాన్ రేనాల్డ్స్, మరికొందరు కలిసి ఒక గేమ్ స్టూడియో పెట్టారు. దానికి 'బిగ్ హ్యూజ్ గేమ్స్' అని పేరు. పెద్ద, మహా పెద్ద అని అర్థం. కొంచెం సరదాగా పెట్టుకున్న పేరే. మంచి పేరు తెచ్చుకున్న ఆటలు చేశారు. 2008లో టీహెచ్‌క్యూ అనే పెద్ద కంపెనీ దాన్ని కొన్నది. మరుసటి ఏడాదే ఇంకొకరికి అమ్మేసింది.

కొన్నవారు '38 స్టూడియోస్'. దాని యజమాని కర్ట్ షిల్లింగ్, ఈ దేశంలో బేస్‌బాల్ చూసేవారందరికీ తెలిసిన ఆటగాడు. 2004లో చీలమండ నుంచి రక్తం కారుతుండగా బంతి విసిరి, 86 ఏళ్ళుగా ఛాంపియన్‌షిప్ ఎరుగని బోస్టన్ రెడ్ సాక్స్ జట్టు గెలుపులో పాలుపంచుకున్నాడు. అతడు 2006లో స్టూడియో మొదలుపెట్టినప్పుడు బోస్టన్ మైదానంలో ఉన్న ఎత్తైన గోడ పేరు మీద 'గ్రీన్ మాన్‌స్టర్ గేమ్స్' అన్నాడు. తర్వాతి ఏడాది పేరు మార్చాడు. కొత్త పేరు 38. అది అతని చొక్కా వెనక ఉండే అంకె. అంటే కంపెనీ బోర్డు మీద ఉన్నది అతడే.

2010లో రోడ్ ఐలండ్ రాష్ట్రం 7.5 కోట్ల డాలర్ల అప్పుకు హామీ ఉండి, ఆ కంపెనీని మసాచుసెట్స్ నుంచి తన రాజధాని నగరానికి రప్పించుకుంది. 450 ఉద్యోగాలు వస్తాయని ఆశ. ఆ నగరం పేరు ప్రావిడెన్స్. మన మాటల్లో చెప్పాలంటే దైవ సంరక్షణ, దేవుడు ముందుగా చూసి సమకూర్చడం. కంపెనీ అద్దెకు తీసుకున్న భవనం పేరు వన్ ఎంపైర్ ప్లాజా. ఎంపైర్ అంటే సామ్రాజ్యం. అక్కడ వాళ్ళు తలపెట్టిన పెద్ద ఆటకు లోపల పెట్టుకున్న పేరు 'కోపర్నికస్'. ఆ ఊహాలోకం కోసం ఆర్.ఎ. సాల్వటోర్ అనే ప్రసిద్ధ రచయిత పదివేల ఏళ్ళ చరిత్ర రాసిపెట్టాడు.

2012 ఫిబ్రవరిలో మేరీలాండ్ బృందం చేసిన ఆట ఒకటి విడుదలైంది. పేరు 'రెకనింగ్', అంటే లెక్క తేల్చడం. బాగానే అమ్ముడుపోయింది గాని ఆ ఖర్చుకు సరిపోలేదు. మే నెల మొదట్లో రాష్ట్రానికి కట్టవలసిన 11 లక్షల 25 వేల డాలర్లు కట్టలేకపోయారు. మే 15న జీతాలు పడలేదు. మే 24న అందరికీ ఒక చిన్న ఈ-మెయిల్ వచ్చింది. దాదాపు 380 మంది ఉద్యోగాలు ఆ ఒక్క మెయిలుతో పోయాయి. ఆరోగ్య బీమా కూడా పోయింది. కంపెనీ మాట నమ్మి ఇళ్ళు వదిలి ప్రావిడెన్స్ వచ్చినవాళ్ళలో కొందరికి, అమ్మేశామనుకున్న పాత ఇంటి అప్పు ఇంకా తమ నెత్తినే ఉందని అప్పుడు తెలిసింది. జూన్ 7న కంపెనీ దివాలా తీసింది. పదివేల ఏళ్ళ చరిత్ర రాసుకున్న ఆ పెద్ద ఆట ఎన్నడూ బయటకు రాలేదు.

మేరీలాండ్ బృందంలో కొందరిని ఎపిక్ గేమ్స్ అనే మరో కంపెనీ చేర్చుకుంది. ఆ ఆగస్టులో వాళ్ళ కొత్త స్టూడియోకు పేరు ప్రకటించింది: 'ఇంపాసిబుల్ స్టూడియోస్'. అసాధ్యం! కూలిపోయినవాళ్ళు మళ్ళీ లేవడం చూసి చాలామంది సంతోషించారు. 2013 ఫిబ్రవరిలో ఎపిక్ దాన్ని మూసేసింది. ఆ బోర్డు ఆర్నెల్లు నిలిచింది.

పేరు గొప్ప, ఊరు దిబ్బ అని మన పెద్దలు ఊరికే అనలేదు. పెద్ద అని పెట్టుకుంటే పెద్దవాళ్ళం కాము. అసాధ్యం అని రాసుకుంటే అసాధ్యమైనది జరగదు. నేతిబీరకాయలో నెయ్యి ఎంతో, మనకు మనం పెట్టుకున్న పేరులో బలమూ అంతే.

మొదటి పాఠం: మనం చేసుకున్న పేరును మనమే మోయాలి

లూకా పద్నాలుగో అధ్యాయం 28 నుంచి 30 వరకు మన ప్రభువు ఒక గోపురం సంగతి చెప్పాడు. కట్టాలనుకున్నవాడు ముందు కూర్చుని ఖర్చు లెక్క వేసుకుంటాడు. లెక్క వేయకుండా పునాది వేసి ఆగిపోతే దారిన పోయేవాళ్ళంతా నవ్వుతారు. ఈ మాటలు చెప్పుకుని షిల్లింగ్‌ను చూసి మనం నవ్వకూడదు. ఆ నవ్వేవాళ్ళ గుంపులో నిలబడమని ప్రభువు మనకు చెప్పలేదు. ఆ మనిషి తన సొంత డబ్బు 5 కోట్ల డాలర్లు అందులో పోగొట్టుకున్నానని చెప్పాడు. అంతకంటే ముఖ్యంగా, అతడు క్రీస్తునందు తన విశ్వాసాన్ని బహిరంగంగా ఒప్పుకున్న వ్యక్తి. కాబట్టి దీన్ని లోకస్థుల కథ అని పక్కన పెట్టలేం. ప్రార్థన చేసేవాళ్ళు కూడా లెక్క వేయకుండా గోపురం మొదలుపెట్టగలరు. విశ్వాసం అనే మంచి మాట చాటున మొండితనం దాక్కోగలదు.

చొక్కా మీది అంకె బోర్డు మీదికి ఎక్కితే ఒక ప్రమాదం ఉంది. కంపెనీ ఓడిపోతే అతడే ఓడిపోయినట్టు. అలాంటప్పుడు "ఇక ఆపుదాం" అనడం ఎవరికైనా చాలా కష్టం. ఇది పెద్ద కంపెనీలకే పరిమితం కాదు. మనం ఎలా పరిచయం చేసుకుంటామో ఆలోచించండి. కొత్తగా వచ్చిన కుటుంబాన్ని సంఘంలో పరిచయం చేసేటప్పుడు పేరు వెంటనే వచ్చేది కంపెనీ పేరు. పెళ్ళి సంబంధం చూసేటప్పుడు అబ్బాయి పేరు మరిచిపోతాం గాని ఎక్కడ చేస్తున్నాడో మరిచిపోము. ఇంటిపేరు ముందు రాసుకునే మనం ఇక్కడికి వచ్చాక దాన్ని చివర రాసుకుంటున్నాం. మన పేరు సగమే పలికే ఆఫీసులో, మెడలో వేలాడే కార్డు మీద ఉన్న కంపెనీ పేరే మన అసలు పేరైపోతోంది.

అందుకే ఆ కార్డు తీసుకున్న రోజున మనిషి కుంగిపోతాడు. వీసా మీద ఉన్నవారికి ఉద్యోగం పోతే ఉన్నది 60 రోజులు. ఆ అరవై రోజుల్లో కొందరు సంఘానికి రావడం మానేస్తారు. ఎవరైనా అడిగితే "వర్క్ ఫ్రమ్ హోమ్" అంటారు. ఊళ్ళో అమ్మానాన్నలకు చెప్పరు. ప్రార్థనాంశాలు అడిగినప్పుడు అందరి అనారోగ్యాలూ చెబుతారు గాని తన సంగతి చెప్పరు. ప్రియులారా, పోయింది జీతం. నీ పేరు పోలేదు. నీ పేరు ఆ కార్డు మీద ఎన్నడూ లేదు. యెషయా 49:16 ప్రకారం అది దేవుని అరచేతుల మీద చెక్కి ఉంది. ఆ చెయ్యి ఎవరి మెయిలుకూ తెరుచుకోదు.

రెండో పాఠం: మన పేరు కోసం ఎవరు ఖర్చయిపోతున్నారు?

యిర్మీయా 22:13లో ప్రవక్త ఒక రాజును గద్దించాడు. అతడు విశాలమైన మేడ కట్టించుకుంటున్నాడు, దేవదారు పలకలు వేయిస్తున్నాడు, ఎర్ర రంగు పూయిస్తున్నాడు. పనివాళ్ళకు మాత్రం కూలి ఇవ్వడం లేదు. యాకోబు తన పత్రిక ఐదో అధ్యాయం నాలుగో వచనంలో, బిగబట్టిన కూలి మొరపెడుతుందనీ, ఆ మొర సేనల ప్రభువు చెవికి చేరుతుందనీ రాశాడు. కూలివాడు నోరు మూసుకున్నా కూలి మాట్లాడుతుంది.

ప్రావిడెన్స్‌లో జరిగిన దాంట్లో నష్టం రావడం అన్నిటికంటే ఘోరం అనిపించదు. నష్టం ఎవరికైనా వస్తుంది. జీతం ఆగే రోజు వరకు చాలామంది ఉద్యోగులకు పరిస్థితి అంత విషమించిందని తెలియకపోవడం ఘోరం. ముందే తెలిసి ఉంటే ఒకరు ఇల్లు కొనకుండా ఆగేవారు, ఒకరు వేరే ఉద్యోగం వెతుక్కునేవారు. ఎపిక్ కూడా ఆ తర్వాత తన స్టూడియోను మూసేసింది. కాని ఉద్యోగులకు మూడు నెలల జీతం ఇచ్చి పంపింది. కావాలంటే ఆ పేరునూ గుర్తునూ మీరే వాడుకుని కొత్త కంపెనీ పెట్టుకోండి అని కూడా చెప్పింది. మూసేసేటప్పుడు కూడా మనుషుల్ని మనుషులుగా చూడవచ్చు అన్నమాట.

మన సంఘాల్లో కన్సల్టెన్సీ నడిపేవారున్నారు. రెస్టారెంట్లు, గ్యాస్ స్టేషన్లు, దుకాణాలు నడిపేవారున్నారు. కొన్నిటి బోర్డుల మీద బైబిల్లోని మంచి మంచి పేర్లే ఉంటాయి. ఎబెనెజరు, బేతేలు, షాలోము. పేరు పెట్టడం తప్పు కాదు. కాని ప్రాజెక్టు లేక ఇంట్లో కూర్చున్న కుర్రవాడికి జీతం ఆపితే, వంటింట్లో పనిచేసేవాడికి గంటలు తగ్గించి రాస్తే, అతడు రోజూ లోపలికి వస్తూ ఆ బోర్డు చదువుతాడు. షాలోము అంటే సమాధానం అని అతనికి ఎవరో చెప్పే ఉంటారు. మన బోర్డు దేవుని పేరును మోస్తున్నప్పుడు, మన లెక్కల పుస్తకం కూడా దేవుని పేరునే మోస్తుంది.

మూడో పాఠం: దేవుడు ఇచ్చిన పేరు మనల్ని మోస్తుంది

ఇప్పుడు ప్రావిడెన్స్ అనే పేరు దగ్గరికి మళ్ళీ వద్దాం. ఆ పేరు ఎవరు పెట్టారు? రోజర్ విలియమ్స్ అనే దైవజనుడు. తన నమ్మకాల కోసం మసాచుసెట్స్ నుంచి వెళ్ళగొట్టబడి, 1636లో నారగన్సెట్ ప్రజల దగ్గర స్థలం పొంది అక్కడ ఊరు కట్టాడు. తన కష్టంలో దేవుడు చూపిన కనికరాన్ని బట్టి ఆ ఊరికి ఆ పేరు పెట్టాడు. 38 స్టూడియోస్ కూడా మసాచుసెట్స్ నుంచే అదే ఊరికి వచ్చింది. ఒకరు చేతిలో ఏమీ లేకుండా వచ్చి, జరిగిన మేలును తలచుకుని పేరు పెట్టారు. ఇంకొకరు కోట్ల డాలర్ల హామీతో వచ్చి, పేరు నిలబెట్టుకోలేకపోయారు. ఆ రాష్ట్రపు జెండా మీద ఒక లంగరు ఉంటుంది, కింద 'నిరీక్షణ' అని అర్థమిచ్చే ఒకే ఒక్క మాట ఉంటుంది. హెబ్రీయులకు 6:19 గుర్తుకు రాకుండా ఆ జెండాను చూడలేం.

1638లో ఆ ఊళ్ళోనే అమెరికా దేశపు మొదటి బాప్టిస్టు సంఘం ఏర్పడింది. ఈ మాట మన తెలుగువారికి ఎందుకంటే, రెండు వందల ఏళ్ళ తర్వాత అమెరికన్ బాప్టిస్టులే మన నెల్లూరుకు వచ్చారు. శామ్యూల్ డే దొరగారు 1836లో మన తీరానికి చేరి, 1840లో నెల్లూరులో పని మొదలుపెట్టారు. ఏళ్ళు గడిచినా ఫలితం వేళ్ళ మీద లెక్కపెట్టేంతే. 1853లో ఆల్బనీలో జరిగిన మిషన్ సభలో దాన్ని మూసేయాలా అన్న చర్చ వచ్చింది. పటంలో మిగతా చోట్ల ఎన్నో నక్షత్రపు గుర్తులు ఉండగా మన వైపు నెల్లూరు దగ్గర ఒక్కటే ఉంది. అలా 'లోన్ స్టార్' అన్న పేరు నిలిచింది. ఒంటరి నక్షత్రం. అది గొప్ప కోసం ఎవరూ పెట్టుకునే పేరు కాదు. నిజానికి అది లోటును చూపించే పేరు.

తర్వాత జాన్ క్లౌ దొరగారు ఒంగోలు వచ్చారు. 1876–78 మధ్య ధాత కరువు వచ్చినప్పుడు ఆయన బకింగ్‌హామ్ కాలువలో మూడున్నర మైళ్ళ తవ్వకం పనిని కాంట్రాక్టుకు తీసుకుని, ఆకలితో చచ్చిపోతున్న జనానికి పని ఇచ్చారు, కూలి ఇచ్చారు. కూలి కోసం క్రైస్తవులయ్యారన్న మాట రాకూడదని కరువు సహాయం జరిగినంతకాలం బాప్తిస్మాలు ఆపి ఉంచారు. పని అయిపోయింది, ఇక ఇచ్చేందుకు ఏమీ లేదు అన్నప్పుడు జనం వచ్చారు. 1878 జూలై 3న గుండ్లకమ్మ నదిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. ఒంటరి నక్షత్రం అన్న పేరు అలాగే ఉంది. దేవుడు ఆ పేరును నింపాడు.

ఆ నదిలో దిగినవాళ్ళలో ఎక్కువమంది ఎవరు? ఊరి బయట బతికిన మాదిగ సోదర సోదరీలు. ఊళ్ళోవాళ్ళు వాళ్ళను పూర్తి పేరుతో పిలిచేవారు కాదు. ముసలివాణ్ణి కూడా చివర 'గాడు' తగిలించి పిలిచేవారు. పుట్టిన బిడ్డలు బతకని ఇళ్ళలో, బిడ్డ దక్కాలని పెంటయ్య, పుల్లయ్య అని పేర్లు పెట్టుకున్న కాలం అది. పెంటకుప్ప మీద పడేసిన బిడ్డను మృత్యువు ముట్టదని ఒక ఆశ. అలాంటి ఇళ్ళలో ఆ తరువాతి తరాల్లో దేవసహాయం, ప్రభుదాసు, జీవరత్నం, దయామణి, కరుణమ్మ పుట్టారు. మీ తాతమ్మల పేర్లు ఒకసారి గుర్తు చేసుకోండి. అవి అలంకారానికి పెట్టిన పేర్లు కావు. "నువ్వు పెంటకుప్ప మీద బిడ్డవు కావు, దేవుని చేతిలో ఉన్న రత్నానివి" అని ప్రతి పూటా పిలిచి చెప్పిన సువార్త అది.

దేవుని పద్ధతే అంత. ఆయన పేరు ముందు ఇస్తాడు, ఆ పేరును తర్వాత నిజం చేస్తాడు. ఆదికాండం 17:5లో అబ్రాముకు అబ్రాహాము అని పేరు మార్చాడు. అనేక జనములకు తండ్రి. అప్పటికి ఆ ముసలాయనకు 99 ఏళ్ళు, శారా ఒడిలో ఒక్క బిడ్డ లేడు. పొరుగువాళ్ళు ఆ కొత్త పేరు విని ఏమనుకుని ఉంటారో! శారా గుడారం చాటున నవ్వితే, యెహోవాకు అసాధ్యమైనది ఏదైనా ఉందా అన్న ప్రశ్న వచ్చింది (18:14). ఆ నవ్వే ఇస్సాకు అనే పేరై ఇంట్లో పాకింది. 'అసాధ్యం' అన్న మాటను బోర్డు మీద రాసుకున్నవాళ్ళకు అది ఆర్నెల్లు నిలిచింది. ఆ మాటను దేవుని ముందు పెట్టిన అబ్రాహాము పేరు నేటికీ మన నాలుక మీద ఉంది.

వేలంలో పోయిన పేరు

గేమ్ స్టూడియో కథలో ఇంకొక ముక్క మిగిలింది. దివాలా తీసిన కంపెనీ ఆస్తులను రోడ్ ఐలండ్‌లో వేలం వేశారు. కుర్చీలు, కంప్యూటర్ల సంగతి అటుంచి, పేర్లు కూడా వేలానికి వచ్చాయి. 2013 చివర్లో ఒక మనిషి వచ్చి 'బిగ్ హ్యూజ్ గేమ్స్' అన్న పేరును కొనుక్కున్నాడు. అతడెవరో కాదు, 2000లో దాన్ని స్థాపించినవారిలో ఒకడైన బ్రయాన్ రేనాల్డ్స్. కొన్నేళ్ళ ముందే అక్కడి నుంచి వెళ్ళిపోయిన అతడు, తాను పెట్టిన పేరును తానే డబ్బిచ్చి తిరిగి తెచ్చుకుని, తన కొత్త స్టూడియోకు పెట్టుకున్నాడు.

ఇది చదివినప్పుడు రూతు గ్రంథం నాలుగో అధ్యాయం గుర్తుకు వస్తుంది. చనిపోయిన మహ్లోను పేరు అతని స్వాస్థ్యం మీద నిలవాలంటే ఎవరో ఒకరు పొలాన్ని విడిపించాలి, రూతును చేపట్టాలి. బోయజు కంటే దగ్గరి బంధువు ఒకడున్నాడు. పొలం అంటే సరే అన్నాడు. రూతు సంగతి వినగానే, నా స్వాస్థ్యానికి నష్టం వస్తుందని చెప్పు తీసి వెళ్ళిపోయాడు. ఆ మనిషి పేరు లేఖనంలో లేదు. హెబ్రీలో బోయజు అతణ్ణి పిలిచిన మాట మన 'ఫలానా' లాంటిది. తన పేరు కాపాడుకోవాలని చూసినవాడు ఫలానావాడిగా మిగిలిపోయాడు. ఇంకొకరి పేరు నిలబెట్టడానికి తన డబ్బు ఖర్చు పెట్టిన బోయజు పేరు మత్తయి సువార్త మొదటి అధ్యాయంలో, మెస్సీయ వంశావళిలో ఉంది.

మన పేరు కూడా ఒకనాడు వేలంలో ఉంది. అప్పు మనది, కట్టే స్తోమత లేదు. మనకు మొదట పేరు పెట్టినవాడే దిగివచ్చి, వెండి బంగారాలతో కాకుండా తన రక్తంతో మనల్ని కొన్నాడని పేతురు రాశాడు (1 పేతురు 1:18–19). ఆయన పేరుకు అర్థం ఏమిటి? యేసు, యెహోవాయే రక్షణ. ఆ పేరు ఆయన పెట్టుకున్నది కాదు. ఆయన పుట్టకముందే దూత చెప్పిన పేరు. ఫిలిప్పీయులకు రెండో అధ్యాయంలో పౌలు చెప్పినట్టు, ఆయన తన్ను రిక్తునిగా చేసుకున్నాడు, సిలువ వరకు తగ్గించుకున్నాడు, అప్పుడు తండ్రి ఆయనకు ప్రతి నామమునకు పైనామాన్ని ఇచ్చాడు. బాబెలు పైకి ఎక్కి పేరు తెచ్చుకోవాలని చూసింది. మన ప్రభువు కిందికి దిగి పేరు పొందాడు.

మన బోర్డుల సంగతి

చివరిగా ఒక మాట, మన సంఘాలకు. ఈ దేశంలో తెలుగు సహవాసం ఒకటి చీలినప్పుడు మొదట జరిగే పని ప్రార్థన కాదు, కొత్త పేరు వెతకడం. కొత్త బ్యానర్, కొత్త వాట్సాప్ గ్రూపు. చీలిపోయిన సహవాసం పేరులో తరచు 'ఐక్యత'నో 'ప్రేమ'నో 'కృప'నో ఉంటుంది. కొరింథులో కూడా నేను పౌలువాణ్ణి, నేను అపొల్లోవాణ్ణి అన్నారు. పౌలు తన పేరు బోర్డు మీద ఉందని సంతోషించలేదు. మీ కోసం సిలువ వేయబడింది పౌలా అని అడిగాడు (1 కొరింథీయులకు 1:12–13). పక్క ఊళ్ళో వేరే పేరుతో కూడుకుంటున్న ఆ కుటుంబాలతో మీరు చివరిసారి కలిసి భోంచేసింది ఎప్పుడు? ఈ వారం ఒక ఫోన్ చేయండి. ఏ బోర్డు మీద పేరు మార్చకుండానే ఆ పని చేయవచ్చు.

ఉద్యోగం పోయిన సహోదరుడా, సహోదరీ, ఈ ఆదివారం సంఘానికి రండి. వచ్చి చెప్పండి. విన్న సంఘమా, "అయ్యో" అని ఊరుకోవద్దు. ఇంటి అద్దె, పిల్లల ఫీజు, కొత్త ఉద్యోగం కోసం ఒక పరిచయం, ఇవీ ప్రార్థనలో భాగమే. యజమానులారా, మీ దగ్గర పనిచేసేవారికి నిజం ముందే చెప్పండి, వాళ్ళ డబ్బు వాళ్ళకు ఇచ్చేయండి. తల్లిదండ్రులారా, ఈ వారం మీ పిల్లలను కూర్చోబెట్టుకుని వాళ్ళ పేరుకు అర్థం చెప్పండి. ఎవరు పెట్టారో, ఎందుకు పెట్టారో చెప్పండి. బడిలో ఆ పేరు సరిగ్గా పలకనివాళ్ళ మధ్య వాళ్ళు పెరుగుతున్నారు. ఇంట్లోనైనా అది పూర్తిగా పలకబడాలి.

డెబ్బైమంది శిష్యులు తిరిగివచ్చి తాము చేసిన కార్యాలు చెప్పుకున్నప్పుడు ప్రభువు, మీ పేర్లు పరలోకంలో రాయబడ్డాయని సంతోషించండి అన్నాడు (లూకా 10:20). జయించినవానికి తెల్లరాతి మీద చెక్కిన ఒక కొత్త పేరు ఇస్తానని కూడా మాట ఇచ్చాడు. అది పొందినవానికి తప్ప ఎవరికీ తెలియని పేరు (ప్రకటన 2:17). ఆ పేరుకు మనం ఇటుకలు కాల్చనక్కరలేదు. దాన్ని ఏ వేలంలోనూ పెట్టరు.

ప్రార్థన: పరలోకమందున్న మా తండ్రీ, మేము పుట్టకముందే మమ్మల్ని పేరు పెట్టి పిలిచిన నీకు స్తోత్రం. మా పేరు కోసం మేము కట్టుకున్న గోపురాలను మాకు చూపించు. మా గోపురాల కింద నలిగినవారికి న్యాయం చేసే మనసు మాకివ్వు. ఉద్యోగం పోయి, మాట పెగలక కూర్చున్న నీ బిడ్డలను ఈ రోజే నీ నోటితో పేరు పెట్టి పిలువు. మా సంఘాల బోర్డుల మీద ఏ పేరున్నా, మా మధ్య నీ కుమారుని పేరే ఘనపరచబడనివ్వు. యేసు నామంలో వేడుకుంటున్నాము తండ్రీ, ఆమేన్.